ఇమాం షాఫిఈ : ఇస్లామీయ ధర్మశాస్త్రమున ప్రమాణ విచారము

హిజరీ 150వ సంవత్సరమున (క్రీ.శ. 767) ఇరాకు ధర్మవేత్తలలో అగ్రగణ్యుడైన అబూ హనీఫా బాగ్దాదునందు మరణించెను. ఆ సంవత్సరముననే పాలస్తీనా తీరమునందలి గాజా పట్టణమున ముహమ్మద్ ఇబ్న్ ఇద్రీస్ జన్మించెను. షాఫిఅ అను పూర్వుని పేరునుబట్టి ఇతడు షాఫిఈ యని ప్రసిద్ధుడయ్యెను. ఆ మరణమును, ఈ జననమును ఒక్కనాడే సంభవించెనని తరువాతి భక్తులు చెప్పుకొనిరి. దానిని నమ్మవలసిన పనిలేదు. జన్మస్థలము అస్కలాన్ అనువారును, యెమెన్ అనువారును గలరు. గాజాయని చెప్పువారే అధిక సంఖ్యాకులు.

ఇతడు పుట్టునాటికి ముస్లింల పాలనము సింధునది మొదలు అట్లాంటిక్ తీరము వఱకు వ్యాపించియుండెను. ప్రతి ప్రధాన నగరమునను ఖాజీలు తీర్పులు చెప్పుచుండిరి. అయితే ఒక నగరమున ధర్మమైనది వేఱొక నగరమున అధర్మమగుచుండెను. మదీనా విద్వాంసులు తమ పట్టణపు ఆచారమునే పరమప్రమాణముగా భావించిరి. ప్రవక్త నివసించిన ఊరు గనుక అచ్చటి జనుల నడవడియే ఆయన బోధకు సాక్ష్యమని వారి వాదము. ఇరాకులోని కూఫా పండితులు తర్కమునందు ఆఱితేరినవారు. స్పష్టమైన వచనము లేనిచోట ‘రాయ్’ అనబడు స్వాభిప్రాయముతోడను, సాదృశ్యము చూపిన తీర్పు అనుచితమని తోచినపుడు ‘ఇస్తిహ్సాన్’ అనబడు ఔచిత్యబుద్ధితోడను వారు నిర్ణయములు చేయుచుండిరి. పంచతంత్ర కథలను పహ్లవీ నుండి అరబ్బీలోనికి ‘కలీలా వ దిమ్నా’ పేర పరివర్తించిన ఇబ్నుల్ ముఖఫ్ఫా ఈ గందరగోళమును చూచి, 8వ శతాబ్ది మధ్యభాగమున ఖలీఫా మన్సూరునకు ఒక సలహా నిచ్చెను. భిన్నములైన తీర్పులన్నిటిని తెప్పించి, వానిలో తనకు సమ్మతమైన దానిని ఖలీఫాయే నిర్ణయించి, రాజ్యమంతటికి ఒకే ధర్మసంహితను శాసింపవలెనని ఆ సలహా సారాంశము. అది అమలునకు రాలేదు. అయినను ధర్మమును నిర్ణయించు అధికారము ఎవరిదను ప్రశ్న మిగిలియే యుండెను. అది ప్రభువుదా, పట్టణ పెద్దలదా, పండితుని ఔచిత్యబుద్ధిదా? షాఫిఈ జీవితమంతయు ఈ ప్రశ్నతో ముడివడి యున్నది.

ఇతని తండ్రి శైశవముననే గతించెను. ఖురైషు తెగకు, ప్రవక్త వంశమునకు దగ్గఱి శాఖయగు ముత్తలిబు కుటుంబమునకు చెందినవాడగుటచే, బంధువుల నడుమ పెరుగుట మేలని తల్లి బిడ్డను మక్కాకు కొనిపోయెను. వంశగౌరవమున్నను ధనము లేదు. వ్రాసికొనుటకు కాగితము కొనలేక ఎముకలమీదను, కచేరీలలో వాడి పారవేసిన పత్రముల వెనుకప్రక్కను పాఠములు వ్రాసికొనెనని చెప్పుదురు. బాల్యముననే ఖురానును కంఠస్థము చేసెను. అనంతరము హుజైల్ అను ఎడారి తెగతో కలసి తిరిగి, వారి భాషను, కవిత్వమును నేర్చెను. నిర్దుష్టమైన అరబ్బీకి ఆ తెగ పేరెన్నిక గన్నది. ఈ భాషాభ్యాసమును జీవితచరిత్రకారులు ఒక ముచ్చటగా మాత్రమే చెప్పి విడిచెదరు. వాస్తవమునకు ఇతని శాస్త్రమున సగము ఇచ్చటనే పుట్టినదనవచ్చును. వాక్యమునందలి ఒక పదము అందఱిని ఉద్దేశించినదా, కొందఱినే యుద్దేశించినదా యను విచారము భాషను లోతుగా ఎఱిగినవానికే తట్టును.

మక్కాలో ముస్లిం ఇబ్న్ ఖాలిద్, సుఫ్యాన్ ఇబ్న్ ఉయైనా మొదలగువారి యొద్ద చదివిన పిమ్మట, మదీనా పండితుడైన మాలిక్ రచించిన ‘మువత్తా’ గ్రంథమును ముందుగా కంఠస్థము చేసికొని, అటుపై ఆ గ్రంథకర్తకే శిష్యుడయ్యెను. 795లో మాలిక్ మరణించు వఱకు ఆ అనుబంధము సాగెను. గురువుపై ఇతనికి గల గౌరవము కడవఱకు తగ్గలేదు. తరువాతి కాలమున ఆ గురువు సిద్ధాంతములను ఖండించుచు గ్రంథము వ్రాయవలసివచ్చుట ఇతని జీవితమునందలి కష్టతరమైన ఘట్టము.

జీవనోపాధికై షాఫిఈ యెమెను ప్రాంతమున నజ్రాన్‌లో రాజోద్యోగమున చేరెను. అచ్చట స్థానికాధికారులతో పొసగలేదు. అలీ వంశీయుల పక్షమున కుట్రచేయుచున్నాడని అభియోగము మోపి, మఱికొందఱితో కూడ బంధించి, ఇతనిని ఖలీఫా హారూన్ అల్ రషీద్ సమ్ముఖమునకు పంపిరి. ఆ నేరమునకు మరణమే శిక్ష. షాఫిఈ తప్పించుకొనెను. ఆస్థానమున ఖాజీగా నున్న ముహమ్మద్ అల్ షైబానీ కలుగజేసికొనుటచే ప్రాణము దక్కినదని సంప్రదాయము. ఈ షైబానీ అబూ హనీఫా ముఖ్యశిష్యులలో ఒకడు, ఇరాకు సంప్రదాయమును గ్రంథస్థము చేసినవాడు. విముక్తుడైన షాఫిఈ 60 దీనారములు వెచ్చించి అతని గ్రంథములను సంపాదించి అధ్యయనము చేసెననియు, ప్రతి సమస్య కెదురుగా దానికి సంబంధించిన హదీసును వ్రాసికొనెననియు చెప్పుదురు. ఈ విధముగా ఉద్యోగమునకు స్వస్తి చెప్పిన సామాన్యోద్యోగి, మదీనా విద్యను, ఇరాకు విద్యను వాని వాని మూలముననే నేర్చిన అరుదైన పండితుడయ్యెను. రెండింటిని ఎఱిగినవాడు గనుక రెండింటి లోపములును ఇతనికి కనబడెను.

మదీనావారితో ఇతని తగవిది: ఒక పట్టణపు ఆచారము ప్రవక్త చర్యకు ప్రతిబింబమని ఎట్లు తెలియును? ఆ ఆచారమునకు విరుద్ధముగా విశ్వసనీయమైన హదీసు లభించినచో, ఆచారమును విడువవలెనా, హదీసును విడువవలెనా? పైగా మదీనా పండితులలోనే అనేక విషయములందు ఏకాభిప్రాయము లేదు. ఇరాకువారితో తగవు వేఱు. సాదృశ్యమును ఆధారముగా గైకొన్నవాడు, తనకు నచ్చనిచోట దానిని విడిచి ఔచిత్యము పేర వేఱొక తీర్పు చెప్పినచో, అతని తీర్పునకును నిరాధారమైన ఇష్టమునకును భేదమేమి? నేడొక పండితునకు ఉచితమైనది రేపు వేఱొకనికి అనుచితమైనచో సామాన్యుడు దేనిని అనుసరింపవలెను?

మక్కాకు తిరిగివచ్చి కొంతకాలము బోధించిన పిమ్మట, 810-11 ప్రాంతమున షాఫిఈ మఱల బాగ్దాదు చేరెను. అహ్మద్ ఇబ్న్ హంబల్ ఇతని యొద్ద చదివినవారిలో ప్రసిద్ధుడు. బస్రా నగరపు హదీసు విద్వాంసుడైన అబ్దుర్రహ్మాన్ ఇబ్న్ మహ్దీ కోరికపై ధర్మనిర్ణయ ప్రమాణములను గూర్చి ఒక గ్రంథము వ్రాసి పంపెననియు, లేఖారూపమున పంపబడుటచే దానికి ‘రిసాలా’ యను పేరు వచ్చెననియు అందురు. గ్రంథకర్త మాత్రము దానిని తన గ్రంథమనియే పేర్కొనెను. ఆ తొలి రూపము మనకు దక్కలేదు. 814-15 ప్రాంతమున ఈజిప్టునకు వలసపోయి, ఫుస్తాత్ నగరమున స్థిరపడి, దానిని తిరుగవ్రాసెను. నేడు లభించుచున్నది ఈ రెండవ రూపమే.

‘రిసాలా’ను చదువువారికి మొదట ఆశ్చర్యము కలిగించునది దాని రూపము. ఇది సూత్రములను వరుసగా పేర్చిన శాస్త్రగ్రంథము కాదు. తఱచుగా ఒక ప్రతివాది ప్రశ్నించును, గ్రంథకర్త సమాధానము చెప్పును; ప్రతివాది ఆక్షేపించును, గ్రంథకర్త ఉదాహరణ చూపును. వాదమునందే పుట్టి పెరిగిన శాస్త్రమగుటచే ఆ గుర్తులు చెరిగిపోలేదు. గ్రంథమునందలి ప్రధాన భావము ‘బయాన్’, అనగా విశదీకరణము. దైవము మనుష్యుల నుండి కోరిన ప్రతి విషయమును ఏదో యొక రీతిని విశదపఱచియే యున్నాడు. కొన్నింటిని ఖురాను స్వయముగా పూర్తిగా చెప్పినది. కొన్నింటిని సంగ్రహముగా చెప్పగా ప్రవక్త ఆచరణమైన సున్నత్ వివరించినది. కొన్నింటిని సున్నత్ మాత్రమే చెప్పినది. మిగిలినవానిని గుర్తులనుబట్టి వెదకి కనుగొనుమని మనుష్యునకు విధించినది. కావున వచనము లేనిచోట కూడ పండితుడు స్వతంత్రుడు కాడు. అతడు వెదకువాడే గాని సృష్టించువాడు కాడు.

ఖురాను, సున్నత్తుల సంబంధమును ఇతడు సామాన్య విశేష న్యాయముతో నిరూపించెను. వ్యాకరణమున ఉత్సర్గాపవాదములను ఎఱిగిన తెలుగు పాఠకునకు ఇది సులభముగా బోధపడును. సంతానమునకు దాయభాగము కలదని ఖురాను సామాన్యముగా చెప్పినది. కాని తండ్రిని చంపిన కొడుకునకు భాగము లేదని సున్నత్ వలన తెలియుచున్నది. దొంగ చేతిని ఖండింపుమని ఖురాను చెప్పినది. సురక్షిత స్థలము నుండి, దీనారములో నాల్గవవంతుకు తగ్గని విలువగల సొత్తును అపహరించిన వానికే అది వర్తించునని సున్నత్ నిర్ణయించినది. సున్నత్తును త్రోసిపుచ్చినచో ఖురాను వాక్యమును దాని ఉద్దేశమునకు మించి అన్వయింపవలసివచ్చునని ఇతని వాదము. అయినను సున్నత్ ఖురానును రద్దు చేయజాలదనియు, ఖురానును ఖురానే, సున్నత్తును సున్నత్తే రద్దుచేయుననియు ఇతడు పట్టుపట్టెను. ఈ విషయమున తరువాతి పండితులు అనేకులు ఇతనితో ఏకీభవింపలేదు.

సున్నత్ ప్రమాణమైనచో అది మనకెట్లు చేరినదను ప్రశ్న వచ్చును. ఒకే వ్యక్తి చెప్పిన వార్తను ధర్మమునకు ఆధారము చేయరాదని వాదించు తార్కికులు ఆనాడు గలరు. ఈ భాగమున షాఫిఈ అధికశ్రమ చేసెను. సత్యసంధత, తాను చెప్పుచున్న మాట యర్థము నెఱిగియుండుట, విన్నది విన్నట్లు చెప్పుట యను గుణములు వార్తాపరంపరలోని ప్రతివానికి ఉండవలెనని నియమించెను. అట్లున్నచో ఒక్క పురుషుడుగాని, ఒక్క స్త్రీగాని చెప్పిన హదీసును స్వీకరింపవచ్చుననెను. ఇతడు చూపిన ఉదాహరణములలో ఖుబా వృత్తాంతము ప్రసిద్ధము. ఖుబా గ్రామస్థులు జెరూసలేము వైపు తిరిగి ప్రార్థించుచుండగా, దిక్కు కాబాకు మాఱినదని ఒక్కడు వచ్చి చెప్పెను. వారు వెంటనే అటు తిరిగిరి. విధిగా పాటించుచున్న దానిని ఒకని మాటపై మార్చుట తప్పైనచో ప్రవక్త వారిని మందలించియుండునని షాఫిఈ తర్కము.

సాదృశ్యానుమానమైన ‘ఖియాస్’ను ఇతడు నియమబద్ధము చేసిన తీరును ఒక్క ఉదాహరణముచే గ్రహింపవచ్చును. ఒకడు బానిసను కొని, పని చేయించి, ఆదాయము పొందెను. పిమ్మట అమ్మకమునకు ముందే యున్న లోపము బయటపడగా తిరిగి అప్పగించెను. ఆ ఆదాయము కొన్నవానిదేయని హదీసు చెప్పుచున్నది. కారణమేమి? ఆ నడుమ బానిస మరణించియున్నచో నష్టము కొన్నవానిదే యయ్యెడిది. నష్టమునకు బాధ్యుడైనవానికే లాభమును చెందవలెను. ఈ కారణము దొరకిన పిమ్మట షాఫిఈ దానిని ఖర్జూరపు తోట ఫలమునకు, పశువుల పాలకు, ఉన్నికి, పిల్లలకు కూడ వర్తింపజేసెను. హదీసు సేవకుని సంపాదనమును గూర్చియే కదా చెప్పినదని కొందఱు అడ్డుచెప్పిరి. కారణము సమానమైనపుడు ఫలము సమానమగునని ఇతడు బదులిచ్చెను.

ఖియాస్ చేయువానికి ఉండవలసిన యోగ్యతను వివరించుటకు ఇతడు అంగడికి పోయెను. ఒక వస్తువునకు వెలకట్టవలసివచ్చినపుడు, ఎంతటి ధర్మాత్ముడైనను ఆనాటి అంగడి ధర తెలియనివానిని ఎవరును అడుగరు. అట్లే ఖురాను విధులు, వానిలో రద్దయినవి, నిలిచినవి, సున్నత్, పూర్వుల ఏకాభిప్రాయ భేదాభిప్రాయములు, అరబ్బీ భాష తెలియనివాడు ఖియాస్ చేయుటకు అనర్హుడు. మఱియొక దృష్టాంతము ప్రార్థన దిక్కునకు సంబంధించినది. కాబా కనబడనిచోట నున్నవాడు నక్షత్రములను, పర్వతములను, గాలివాటమును చూచి దిక్కును వెదకవలెను. వెదకినవాడు గురి తప్పినను తన విధి నెరవేర్చినవాడే. ఇద్దఱు వెదకి రెండు దిక్కులను నిర్ణయించినను ఇద్దఱును దోషులు కారు. గుర్తులను చూడక తోచిన దిక్కునకు తిరిగినవాడే దోషి. భేదాభిప్రాయమునకు తావిచ్చుచు స్వేచ్ఛకు తావీయని ఈ దృష్టాంతమే షాఫిఈ సిద్ధాంతమునకు కీలకము. ఇస్తిహ్సాన్‌పై ఇతడు చేసిన దాడి యంతయు ఇందుండియే వచ్చినది.

నాల్గవ ప్రమాణమైన ‘ఇజ్మా’, అనగా ఏకాభిప్రాయము, ఇతని చేతిలో ఒక ఊరి పెద్దల సమ్మతి కాక సమాజమంతటి సమ్మతి యయ్యెను. అంతటి ఏకాభిప్రాయము మౌలిక విధులలో తప్ప దుర్లభమని ఇతనికి తెలియును. కావున ఎదిరి ఇజ్మా యని వాదించినపుడెల్ల ఇతడు సందేహించెను.

ఇరాకువారి పట్ల ఇతడు పూర్తిగా న్యాయము చేసెనని చెప్పజాలము. చెప్పులు కుట్టుమని పనివానికి ముందుగా ఒప్పందము చేసికొనుట అప్పటికి లేని వస్తువును అమ్ముట వంటిది. ఖియాస్ ప్రకారము చెల్లదు. లోకవ్యవహారమును బట్టి హనఫీలు దానిని ఇస్తిహ్సాన్ చేత అంగీకరించిరి. ఇందు విచ్చలవిడితనము లేదు. అయితే ఈ విమర్శ తరువాతనే హనఫీ పండితులు ఇస్తిహ్సాన్‌ను నిర్వచింపబూనిరి. పైకి కనబడు సాదృశ్యము కంటె బలవత్తరమైన ఆధారమును అనుసరించుటయే అదియని 11వ శతాబ్దిలో సరఖ్సీ వంటివారు నిరూపించిరి. ఖండించినవాని భాషలోనే సమాధానము చెప్పవలసివచ్చుట షాఫిఈ విజయమే.

ఈజిప్టులో ఇతనికి ఆశ్రయమిచ్చినవారు మాలికీ సంప్రదాయమున పేరుగన్న అబ్దుల్ హకం కుటుంబమువారు. మాలిక్ శిష్యునిగా వారు ఇతనిని ఆదరించిరి. తన పరిశోధన మాలిక్ మతమునకు విరుద్ధముగా పోవుచున్నదని ఇతడు దాచలేదు. మాలిక్ తాను ఉదాహరించిన హదీసులనే కొన్నిచోట్ల ఆచారము కొఱకు విడిచెనని చూపెను. స్థానిక మాలికీలలో శత్రుత్వము పెరిగెను. బాగ్దాదులో చెప్పిన తన నిర్ణయములలో అనేకమును కూడ ఇతడు ఇచ్చట మార్చుకొనెను. పాత మతము, కొత్త మతము అని షాఫిఈయులు వానిని నేటికిని వేఱుపఱచి చెప్పుదురు. కొత్త నిర్ణయములు శిష్యుడైన రబీ ఇబ్న్ సులైమాన్ ద్వారా ‘కితాబుల్ ఉమ్మ్’ అను మహాగ్రంథముగా నిలిచినవి.

దీర్ఘవ్యాధితో కృశించి 820 జనవరి 20న షాఫిఈ ఫుస్తాత్‌లో మరణించెను. ప్రవక్త వంశజయు, తపస్విని యునైన నఫీసా గృహమునకు శవమును కొనిపోగా ఆమె ప్రార్థన చేసెనని జనులు చెప్పుకొందురు. ఎవరు పీఠమును అధిష్ఠింపవలెనను వివాదమున అబ్దుల్ హకం మనుమడగు ముహమ్మద్‌ను కాదని బువైతీ నెన్నుకొనిరి. ముహమ్మద్ మాలికీ మతమునకు తిరిగిపోయి, గురువును ఖండించుచు గ్రంథము వ్రాసెను. బువైతీ గతి మఱింత దారుణము. ఖురాను సృష్టింపబడినదని ఒప్పుకొనుమని ఖలీఫాలు పండితులను నిర్బంధించిన దినములలో అతడు అంగీకరింపక, సంకెలలతో బాగ్దాదునకు కొనిపోబడి, 846లో చెఱసాలలోనే మరణించెను. ధర్మమును నిర్ణయించు అధికారము ప్రభువుదా యను పాత ప్రశ్నకు ఆ శిష్యుడు ప్రాణముతో సమాధానము చెప్పవలసివచ్చెను. రబీ మాత్రము అమ్ర్ మసీదులో ప్రార్థనకు పిలుపునిచ్చుచు, 884 వఱకు జీవించి, దూరదేశముల నుండి వచ్చినవారికి గురుని గ్రంథములను వినిపించుచుండెను.

ధర్మప్రమాణశాస్త్రమునకు (ఉసూలుల్ ఫిఖహ్) షాఫిఈయే జనకుడను ప్రసిద్ధి ఆధునిక కాలమున పరీక్షకు గురియైనది. 1950లో షాఖ్ట్ ఆ ప్రసిద్ధిని బలపఱచెను. 1993లో వాయిల్ హల్లాఖ్, 9వ శతాబ్దిలో ‘రిసాలా’కు వ్యాఖ్యానములుగాని, అనుకరణములుగాని కానరావని చూపి, శాస్త్రము పూర్ణరూపము దాల్చినది 10వ శతాబ్దిలో, బాగ్దాదు పండితుడైన ఇబ్న్ సురైజ్ శిష్యుల కాలముననేయని వాదించెను. ఈ ఆక్షేపణకు బలమున్నది. అయినను సమకాలికులు అనుసరింపలేదనుట చేత గ్రంథము విలువ తగ్గదు. ఇల్లు కట్టినవారు తరువాతివారే కావచ్చును. కాని ప్రతి తీర్పునకును ఆధారము చూపవలసినదను హద్దురాయి పాతినవాడు షాఫిఈ.

దక్కను ముస్లింలలో అధికసంఖ్యాకులు హనఫీలు. షాఫిఈ మతము ఓడల వెంట వచ్చి మలబారు, కొంకణము, భట్కల్, కాయల్పట్టణము వంటి తీరములందు నిలిచినది. 14వ శతాబ్దిలో ఇబ్న్ బతూతా హొన్నావరు ప్రజలను షాఫిఈయులుగా పేర్కొనెను. తెలుగు దేశమున హైదరాబాదునందలి బార్కస్‌లో నివసించు హద్రమౌత్ అరబ్బుల సంతతివారు ఈ మతస్థులే. షాఫిఈ మతమునకు హదీసుల ఆధారము సమకూర్చిన బైహఖీ (మరణము 1066) రచించిన ‘అస్సుననుల్ కుబ్రా’ పది సంపుటములుగా అచ్చయినదియు హైదరాబాదు దాయిరతుల్ మఆరిఫ్‌లోనే.

షాఫిఈ సమాధిపై 1211లో అయ్యూబీ సుల్తాను అల్ కామిల్ గొప్ప గుమ్మటము కట్టించెను. దాని శిఖరమున లోహపు పడవ యొకటి యున్నది. ఆ సమాధికి జనులు లేఖలు వ్రాయు ఆచారమును గూర్చి ఈజిప్టు సామాజిక శాస్త్రవేత్త సయ్యిద్ ఉవైస్ 1965లో ఒక గ్రంథము ప్రకటించెను. తమకు జరిగిన అన్యాయములను విన్నవించి, తీర్పు చెప్పుమని ఇమామును వేడుచు వ్రాసిన అర్జీలవి. వానిలో కొన్ని తపాలాలో వచ్చి చేరినవి.